పాత పెట్టెలో దొరికిన నోటు ఏ కాలానిది? రిజర్వు బ్యాంకు చరిత్ర ఆధారంగా తేల్చుకునే పద్ధతి

విజయవాడ వన్‌టౌన్‌లో పాత పెంకుటిల్లు విప్పేటప్పుడో, గుంటూరు బ్రాడీపేటలో అటక మీది ట్రంకుపెట్టె దించినప్పుడో, పూజగదిలో లక్ష్మీదేవి పటం వెనక దుమ్ము దులిపినప్పుడో మడతలు పడ్డ పాత నోట్లు బయటపడుతుంటాయి. అప్పుడు ఇంట్లో రెండు ప్రశ్నలు వస్తాయి. ఇది ఏ కాలం నాటిది? ఇప్పుడు చెల్లుతుందా? మొదటిది తేలితే రెండోది దానంతట అదే తేలుతుంది.

చిక్కేమిటంటే రిజర్వు బ్యాంకు తన నోట్ల మీద ముద్రించిన సంవత్సరం వేయడం 2005లో గానీ మొదలుపెట్టలేదు. అంతకు ముందరి నోటు మీద తేదీ వెతికితే దొరకదు. కానీ బ్యాంకు జీవితంలో వచ్చిన మలుపులు చాలావరకు ఆ కాగితం మీద ఏదో ఒక గుర్తు వదిలాయి. రాజు పోయాడు, యుద్ధం వచ్చింది, హిందీ వచ్చింది, ఖర్చు తగ్గించుకోవాల్సి వచ్చింది. ఆ గుర్తుల్ని ఒక వరసలో చూసుకుంటూ పోతే నోటు కాలం సాధారణంగా అయిదారేళ్ల లోపుకు, ఒక్కోసారి నెలల్లోకి దిగుతుంది. వరస తప్పితే మాత్రం పొరపాటు పడతారు. బొమ్మ చూసి మొదలుపెట్టేవాళ్లు చేసే తప్పు అదే.

ముందు సిద్ధం చేసుకోవలసినవి

పది రెట్లు పెద్దదిగా చూపే భూతద్దం, 30 సెంటీమీటర్ల స్టీలు స్కేలు, ఒక తెల్ల ఏ4 కాగితం, సెల్‌ఫోను. ఇవి చాలు. చేతులు సబ్బుతో కడిగి బాగా తుడుచుకోండి. డబ్బు లెక్కపెట్టేటప్పుడు నాలుకకు వేలు అద్దే అలవాటుంటే ఇక్కడ మానుకోవాలి. యాభై ఏళ్ల నోటుకు ఆ కాస్త తడి కూడా చెరుపే. నోటు నాలుగు మడతల్లో బిర్రుగా ఉంటే లాగి విప్పకండి. మడత దగ్గర నార తెగిపోతుంది. రెండు తెల్లకాగితాల మధ్య పెట్టి పైన ఒక బరువైన పుస్తకం ఉంచి రెండు రోజులు వదిలేస్తే చాలావరకు దానంతట అదే సాగుతుంది. ఇస్త్రీపెట్టె జోలికి వెళ్లవద్దు. వేడికి సిరా మెరుస్తుంది, కాగితం పెళుసెక్కుతుంది.

ముందు రెండు వైపులా ఫోటో తీసి ఆ తర్వాతే పరిశీలన మొదలుపెట్టండి. పరిశీలనలో ఎక్కడైనా చిరిగితే, చిరగక ముందు ఎలా ఉండేదో ఆ ఫోటోయే చెబుతుంది.

మొదటి మెట్టు: ఈ నోటు ఎవరు ఇచ్చారు?

బొమ్మను పక్కన పెట్టి పైభాగంలో జారీ చేసినవారి పేరు చదవండి. మన జిల్లాల ఇళ్లలో దొరికేవి ముఖ్యంగా మూడు రకాలు.

ఒకటి, భారత ప్రభుత్వం పేరో రిజర్వు బ్యాంకు పేరో ఉన్నవి. 1861 కాగితపు కరెన్సీ చట్టంతో బెంగాల్, బొంబాయి, మద్రాసు ప్రెసిడెన్సీ బ్యాంకుల చేతిలో ఉన్న నోట్ల హక్కును ప్రభుత్వం తన చేతిలోకి తీసుకుంది. అప్పటి నుంచి 1938 దాకా నోట్లన్నీ ప్రభుత్వానివే. కేంద్ర బ్యాంకు ఒకటి కావాలని 1926లో హిల్టన్ యంగ్ కమిషన్ సిఫారసు చేసింది. రిజర్వు బ్యాంకు చట్టం మాత్రం 1934లో గానీ రాలేదు. అయిదు కోట్ల రూపాయల వాటాధనంతో, ప్రైవేటు వాటాదార్ల బ్యాంకుగా 1935 ఏప్రిల్ 1న అది పని మొదలుపెట్టింది. బెజవాడ, గుంటూరు అప్పుడు మద్రాసు ప్రెసిడెన్సీలో ఉండేవి.

ఇక్కడే చాలామంది తప్పు చేస్తారు. బ్యాంకు 1935లో పుట్టింది కాబట్టి ఆ ఏటి నుంచే రిజర్వు బ్యాంకు నోట్లు ఉంటాయనుకుంటారు. లేవు. దాని మొదటి నోటు 1938 జనవరిలో వచ్చిన అయిదు రూపాయలది. అదే ఏడాది ఫిబ్రవరిలో పది, మార్చిలో వంద, జూన్‌లో వెయ్యి, పదివేలు వచ్చాయి. మధ్యలో ఉన్న ఆ మూడేళ్లూ ప్రభుత్వ నోట్లే నడిచాయి. మొదటి గవర్నరు ఆస్బర్న్ స్మిత్ ఒక్క నోటు మీదా సంతకం చేయకుండానే 1937లో వెళ్లిపోయారు. ఆయన సంతకం ఉన్న నోటంటూ ఎవరైనా అమ్మజూపితే అది బూటకం.

రెండు, ఒక్క రూపాయి నోటు. ఇది రిజర్వు బ్యాంకుది కాదు, ఎప్పుడూ ప్రభుత్వానిదే. చట్టం దీన్ని నాణెంతో సమానంగా చూస్తుంది. అందుకే ‘చెల్లిస్తానని వాగ్దానం చేస్తున్నాను’ అన్న మాట దీని మీద ఉండదు. సంతకం ఆర్థిక శాఖ కార్యదర్శిది. మొదటిసారి 1917 నవంబరులో మొదటి ప్రపంచ యుద్ధపు వెండి కొరతలో వచ్చింది. 25 నోట్లను పుస్తకంలా కుట్టి ఇచ్చేవారు. అందుకే వాటికి ఒక అంచు చెక్కు పుస్తకం కాగితంలా చించినట్టుంటుంది. రెండో యుద్ధంలో 1940లో మళ్లీ వచ్చింది. స్వతంత్ర భారతం తొలిసారి అచ్చువేసిన నోటు కూడా ఒక్క రూపాయే. 1949లో రాజు బొమ్మ తీసేసి అశోకుడి సింహ శిఖరం వేశారు. 1994లో ఆగిపోయి 2015లో మళ్లీ మొదలైంది. చాలా రూపాయి నోట్ల మీద ఏడాది అచ్చై ఉంటుంది కాబట్టి వీటి పని తేలిక.

మూడు, ఈ రెండూ కానివి. జగ్గయ్యపేట, నందిగామ వైపు నైజాం సరిహద్దు చుట్టరికాలున్న ఇళ్లలో హాలీ సిక్కా నోట్లు కనపడతాయి. వాటి మీద బ్రిటిషు రాజు ఉండడు. ఉర్దూ, ఇంగ్లీషు, తెలుగు, కన్నడ, మరాఠీ లిపులు ఉంటాయి. హైదరాబాదు సంస్థానం 1918 నుంచి సొంత నోట్లు వేసింది. ఆ సిక్కాను చూసుకోవడానికే 1941 చట్టంతో హైదరాబాద్ స్టేట్ బ్యాంకు పెట్టింది. ఒక రకంగా అది నిజాం గారి రిజర్వు బ్యాంకు. ఏడు హాలీ రూపాయలు ఆరు ఇంగ్లీషు రూపాయలకు సమానం. పాత పద్దు పుస్తకం నోటుతో పాటు దొరికితే అందులో లెక్క ఏ రూపాయల్లో రాశారో ఈ నిష్పత్తితో పట్టుకోవచ్చు.

రంగూన్ వెళ్లొచ్చిన కుటుంబాల పెట్టెల్లో ‘జపనీస్ గవర్నమెంట్’ అని ఉన్న రూపాయి నోట్లు దొరుకుతుంటాయి. బర్మాను ఆక్రమించినప్పుడు జపాను సైన్యం అచ్చువేసినవి అవి. వాటి గుర్తు అక్షరాల్లో మొదటిది ‘బి’. జపాను ఓడిపోయిన రోజే అవి చిత్తుకాగితాలయ్యాయి. రిజర్వు బ్యాంకు నోటు మీదే బర్మా పేరుతోనో, ‘గవర్నమెంట్ ఆఫ్ పాకిస్తాన్’ అనో అదనపు అచ్చు ఉంటే అనుమానపడనక్కర్లేదు. మన రిజర్వు బ్యాంకు 1947 దాకా బర్మాకు, 1948 జూన్ 30 దాకా పాకిస్తానుకు కూడా కేంద్ర బ్యాంకుగా పనిచేసింది.

రెండో మెట్టు: సంతకం ఎవరిది?

రిజర్వు బ్యాంకు నోటే అని తేలాక అన్నిటికన్నా నమ్మదగిన సాక్ష్యం సంతకం. బొమ్మలు దశాబ్దాల పాటు మారకపోవచ్చు, గవర్నరు మాత్రం మారతాడు. వాగ్దానం వాక్యం కింద భూతద్దం పెట్టి చదవండి. ఈ పట్టిక రాసి పెట్టుకుంటే ఎక్కువ నోట్లకు సరిపోతుంది.

జేమ్స్ టేలర్: 1937–43
సి.డి. దేశ్‌ముఖ్: 1943–49
బెనెగల్ రామారావు: 1949–57
హెచ్.వి.ఆర్. అయ్యంగార్: 1957–62
పి.సి. భట్టాచార్య: 1962–67
ఎల్.కె. ఝా: 1967–70
ఎస్. జగన్నాథన్: 1970–75
కె.ఆర్. పురి: 1975–77
ఎం. నరసింహం: 1977 మే–నవంబరు
ఐ.జి. పటేల్: 1977–82
మన్మోహన్ సింగ్: 1982–85
ఆర్.ఎన్. మల్హోత్రా: 1985–90
ఎస్. వెంకిటరమణన్: 1990–92
సి. రంగరాజన్: 1992–97
బిమల్ జలాన్: 1997–2003
వై.వి. రెడ్డి: 2003–08
దువ్వూరి సుబ్బారావు: 2008–13
రఘురామ్ రాజన్: 2013–16
ఉర్జిత్ పటేల్: 2016–18
శక్తికాంత దాస్: 2018–24
సంజయ్ మల్హోత్రా: 2024 డిసెంబరు నుంచి

మధ్యలో కొద్ది రోజులో కొద్ది నెలలో పనిచేసినవారిని ఇందులో చేర్చలేదు. 1957లో ఆరేడు వారాలున్న అంబేగాంకర్ సంతకం గవర్నరు హోదాలో ఏ నోటు మీదా లేదు. 1975లో మూడు నెలలున్న ఎన్.సి. సేన్‌గుప్తా సంతకం వెయ్యి రూపాయల నోటు మీదే కనపడుతుంది. నరసింహం ఉన్నది ఏడు నెలలే కాబట్టి ఆయన సంతకం కాలాన్ని చాలా ఇరుకుగా పట్టిస్తుంది. రిజర్వు బ్యాంకు సొంత ఉద్యోగుల్లోంచి గవర్నరైన వ్యక్తి ఆయన ఒక్కరే.

ఈ పట్టికను వాడేటప్పుడు మూడు జాగ్రత్తలు.

గవర్నరు దిగిపోయిన మర్నాటికే కొత్త సంతకంతో నోట్లు రావు. అచ్చయి ఉన్న నిల్వలు కొన్నాళ్లు బయటికి వస్తూనే ఉంటాయి. అందుకని పదవీకాలం చివర కొంత సడలింపు వేసుకోండి.

ఇంటిపేరు ఒక్కటే చూసి తేల్చకండి. పటేళ్లు ఇద్దరు, మల్హోత్రాలు ఇద్దరు. నోటు తరహా కూడా కలిసిరావాలి.

అసలైన ఉచ్చు మన్మోహన్ సింగ్ సంతకం. ఆయన 1976 నుంచి 1980 దాకా ఆర్థిక శాఖ కార్యదర్శి. ఆ హోదాలో రూపాయి నోట్ల మీద సంతకం చేశారు. 1982లో గవర్నరయ్యాక మిగతా నోట్ల మీద చేశారు. రూపాయి నోటు మీద ఆయన పేరు చూసి 1982–85 అని రాసేస్తే ఆరేళ్ల దాకా తేడా వస్తుంది. వెంకిటరమణన్ విషయంలోనూ ఇదే చిక్కు. సంతకం కింద హోదా చదవకుండా ఏడాది రాయకండి.

మూడో మెట్టు: రాజు, సింహం, గాంధీ

సంతకంతో వచ్చిన ఏళ్లను ఇంకా ఇరుకు చేసేది ఈ మెట్టు.

ఆరో జార్జి బొమ్మ ఉంటే తల ఏ వైపుకు తిరిగి ఉందో చూడండి. మొదట వచ్చిన నోట్ల మీద పక్కకు తిరిగిన ముఖం ఉండేది. యుద్ధకాలంలో జపాను వాళ్లు పది రూపాయల నోటుకు అచ్చుగుద్దినట్టుండే దొంగనోట్లు వేశారు. దాంతో బ్యాంకు వాటర్‌మార్కు మార్చింది. రాజు ముఖాన్ని మనవైపు ఎదురుగా తిప్పింది. కాగితం లోపల సన్నని దారం పెట్టింది. మన దేశంలో నోటులో దారం పెట్టడం అదే మొదలు. నోటును కిటికీ వెలుతురుకు అడ్డంగా పట్టుకుంటే దారం నల్లటి గీతలా కనపడుతుంది. దేశ్‌ముఖ్ సంతకం, ఎదురు ముఖం, లోపల దారం, ఈ మూడూ కలిస్తే అది యుద్ధం చివరి ఏళ్ల నుంచి 1950 లోపలిది. స్వాతంత్ర్యం వచ్చాక కూడా కొత్త నోట్లు సిద్ధమయ్యేదాకా రాజు బొమ్మే నడిచింది. కాబట్టి రాజు ఉన్నంత మాత్రాన 1947కు ముందరిదని రాయకండి.

రాజు బదులు గాంధీ బొమ్మ వేయాలని మొదట అనుకున్నారు. చివరికి సారనాథ్ సింహ శిఖరం ఖాయమైంది. 1950లో 2, 5, 10, 100 రూపాయల నోట్లు ఆ ముద్రతో వచ్చాయి. 1949 జనవరి 1న బ్యాంకు జాతీయమైంది. ఇంత పెద్ద మార్పు నోటు మీద మాత్రం ఎక్కడా కనపడదు. దాన్ని గుర్తుగా వెతకడం వృథా.

గాంధీ మొదటిసారి కనపడేది 1969 శతజయంతి నోట్ల మీద. వెనక సేవాగ్రామ్ ఆశ్రమం, ముందు కూర్చున్న గాంధీ. ఆ తర్వాత 1987 అక్టోబరులో వచ్చిన అయిదు వందల నోటు మీద. ఇప్పుడు మనం చూస్తున్న వరస 1996లో మొదలైంది. చాలామంది తడబడేది ఆ 1987 నోటు దగ్గరే. ముందువైపు గాంధీ ఉన్నా వెలుతురుకు పెడితే వాటర్‌మార్కులో సింహాలే కనపడతాయి. 1996 తర్వాతి వాటిలో వాటర్‌మార్కు కూడా గాంధీదే.

నాలుగో మెట్టు: భాష, కొలత

సింహం నోట్లలో 1950కీ 1970కీ మధ్య ఎక్కడిదో తేల్చాలంటే హిందీ అక్షరాలు చూడాలి. 1950 నాటి నోట్లలో ఇంగ్లీషుదే పెత్తనం. 1953లో హిందీని ప్రముఖంగా వేశారు. ‘రుపయా’కు బహువచనం ఏమిటన్న వాదు కూడా అప్పుడే తేలి ‘రుపయే’ ఖాయమైంది. రామారావు సంతకమున్న పది రూపాయల నోటు, వెనక తెరచాప పడవ, హిందీలో ‘రుపయే’ అని పెద్దగా ఉంటే 1953–57. ఎనిమిదేళ్ల గవర్నరు కాలం ఒక్క మాటతో సగానికి తగ్గింది. గవర్నరు హిందీ సంతకం ఎల్.కె. ఝా కాలంలో వచ్చింది. ఇంగ్లీషు సంతకం ఒక్కటే ఉంటే అంతకు ముందరిదనే దాదాపు చెప్పవచ్చు.

తర్వాత స్కేలు తీయండి. అరవైల్లో ఖర్చు కలిసిరావాలని 1967లో నోట్ల సైజు తగ్గించారు. ఒకే విలువ ఉన్న రెండు నోట్లలో పెద్దది ముందుది. 1996 వరసలో పది 137×63, ఇరవై 147×63, యాభై 147×73, వంద 157×73 మిల్లీమీటర్లు. ఇప్పటి కొత్త వరసలో పది 123×63, ఇరవై 129×63, యాభై 135×66, వంద 142×66, రెండు వందలు 146×66, అయిదు వందలు 150×66. అంచులు అరిగిన నోటును నాలుగు చోట్ల కొలిచి పెద్ద కొలతనే తీసుకోవాలి.

విలువే ఒక్కోసారి తేదీ చెబుతుంది. రెండు రూపాయల నోటు 1943లో పుట్టింది. ఇరవై రూపాయలది 1972లో, యాభై 1975లో, వెయ్యి (గాంధీది) 2000లో, రెండు వేలు 2016లో, రెండు వందలు 2017లో వచ్చాయి.

1996 తర్వాతి నోట్లకు ఇంకా దగ్గర దారి ఉంది. వెనక వైపు కింద మధ్యలో ఏడాది ఉంటే పని అయిపోయింది. వై.వి. రెడ్డి సంతకం ఉండి ఏడాది లేకపోతే 2003–06 మధ్యది. అన్ని విలువల్లో ఏడాది ఒక్కసారే రాలేదు కాబట్టి 2005 దగ్గర గీత గీయలేం. సుబ్బారావు సంతకం ఉండి రూపాయి చిహ్నం లేకపోతే సుమారు 2011కు ముందరిది, ఉంటే తర్వాతది. ఈ ఇద్దరూ తెలుగువాళ్లు కావడం, పదేళ్ల పాటు రిజర్వు బ్యాంకు కొత్త నోట్ల మీద మనవాళ్ల సంతకాలే ఉండడం పిల్లలకు చూపించదగిన సంగతి. వెనక వైపు భాషల పట్టికలో తెలుగు కింది నుంచి రెండో వరస. దాని కింద ఉర్దూ ఉంటుంది.

నంబరు వెనక సన్నగా ఉండే ఇంగ్లీషు అక్షరాన్ని ఏడాదిగా చదవకండి. నంబరు మధ్యలో నక్షత్రం ఉంటే అది అచ్చులో చెడిన నోటుకు బదులు వేసినది. 2006 నుంచి ఈ పద్ధతి ఉంది. నక్షత్రం నోటు దొంగనోటు కాదు. ఎడమ వైపు రెండు చిల్లులుంటే భయపడకండి. 2001లో వద్దని ఆదేశం వచ్చేదాకా బ్యాంకులు నోట్ల కట్టలకు పిన్నులు కొట్టేవి.

ఇప్పుడు చెల్లుతుందా?

పాత 500, 1000 (2016 నవంబరు 8కి ముందువి): చెల్లవు. ఎక్కడా మార్చరు. పైగా 2017 చట్టం ప్రకారం అలాంటివి మొత్తం పది నోట్లకు మించి దగ్గర పెట్టుకోకూడదు. పరిశోధనకో సేకరణకో అయితే 25 దాకా ఉండొచ్చు. మించితే పదివేల రూపాయలు గానీ నోట్ల విలువకు అయిదు రెట్లు గానీ, ఏది ఎక్కువైతే అంత జరిమానా. అటక మీద ఒక కట్ట దొరికితే సరదాకి దాచుకోవద్దని గట్టిగా చెబుతున్నాం.

రెండు వేల నోటు: 2023 మే 19న వెనక్కి తీసుకున్నట్టు ప్రకటించారు. చట్టబద్ధత మాత్రం ఉంది. బ్యాంకు శాఖల్లో మార్చుకునే గడువు 2023 అక్టోబరు 7తో పోయింది. ఇప్పుడు రిజర్వు బ్యాంకు ఇష్యూ కార్యాలయాలే దిక్కు. విజయవాడ, గుంటూరు వాళ్లకు దగ్గరిది హైదరాబాదు. వెళ్లలేకపోతే గుర్తింపు కార్డు నకలు, ఖాతా వివరాలు జతచేసి తపాలా ద్వారా పంపితే ఖాతాలో జమ చేస్తారు. కవరులో పెట్టే ముందు ప్రతి నోటు నంబరూ రాసుకోండి.

2005కు ముందరి పది, ఇరవై, యాభై, వంద: చెల్లుతాయి. కానీ 2016 జూలై 1 నుంచి వీటిని మార్చే సదుపాయాన్ని రిజర్వు బ్యాంకు కార్యాలయాలకే పరిమితం చేశారు. ట్రాక్టరు బొమ్మ అయిదు రూపాయలు, రెండు రూపాయలు, ఒక రూపాయి కూడా చట్టబద్ధంగా ఉన్నాయి. యాభై పైసల నాణెం చెల్లుతుంది. 25 పైసలు, అంతకన్నా చిన్నవి 2011 జూన్ 30 నుంచి చెల్లవు.

సింహం బొమ్మ 1000, 5000, 10000: 1978 జనవరి 16న రద్దయ్యాయి. అంతకు ముందు 1946 జనవరిలో కూడా 500, 1000, 10000 ఒకసారి రద్దయ్యాయి. రాజు బొమ్మ నోట్లకూ హాలీ సిక్కాకూ విలువ ఉంటే సేకర్తల దగ్గరే ఉంటుంది.

చిరిగిన నోటు లెక్క

చెద పురుగో ఎలుకో కొరికిన చెల్లుబాటు నోటును ఏ బ్యాంకు శాఖలోనైనా ఇవ్వొచ్చు. ఇరవై రూపాయల వరకు విలువున్న నోటులో ఒకే ముక్క సగానికి మించి ఉంటే పూర్తి విలువ, లేకపోతే ఏమీ రాదు. యాభై, ఆపైన నోట్లకు పెద్ద ముక్క 80 శాతం దాటితే పూర్తి విలువ, 40 నుంచి 80 దాకా ఉంటే సగం, 40కి తక్కువైతే ఏమీ లేదు. రెండు ముక్కలైన నోటులో రెండూ 40 శాతానికి తగ్గకుండా ఉంటే పూర్తి విలువ వస్తుంది. అందుకని చిన్న ముక్కను పారేయకండి.

కౌంటరు దగ్గరికి వెళ్లకముందే మీరే కొలుచుకోండి. పిల్లల గ్రాఫు కాగితం మీద ముక్కను పెట్టి చుట్టూ పెన్సిలు గీత గీసి చదరపు సెంటీమీటర్లు లెక్కపెట్టండి. ఇప్పటి అయిదు వందల నోటు మొత్తం 99 చదరపు సెంటీమీటర్లు. 80 ఉంటే పూర్తి, 40 ఉంటే సగం. కాలి పెళుసైనవి, ఒకదానికొకటి అంటుకుపోయినవి బ్యాంకు శాఖలో కాదు, రిజర్వు బ్యాంకు కార్యాలయంలో ఇవ్వాలి. నినాదాలు రాసినవీ, కావాలని కత్తిరించినట్టున్నవీ తిరస్కరిస్తారు.

చెడగొట్టే పనులు

సెల్లోటేపు మొదటి శత్రువు. దాని జిగురు కొన్నేళ్లకు పసుపుపచ్చగా మారి కాగితంలోకి దిగుతుంది. తీస్తే సిరాతో సహా ఊడివస్తుంది. లామినేషన్ చేయించిన నోటును సేకర్తలు ముట్టుకోరు. పూజలో పెట్టిన నోట్ల మీద పసుపు కుంకుమ మరకలుంటాయి. వాటిని కడగబోతే మరక ఇంకా పరుచుకుంటుంది. పొడిని మెత్తటి కుంచెతో దులిపి మిగతాది అలాగే వదిలేయండి.

ఫోటో ఆల్బముల్లో వాడే మెత్తటి పీవీసీ కవర్లు మన ఎండలకు చెమర్చి నోటుకు అంటుకుంటాయి. పాలిస్టర్ కవర్లు వాడాలి. కృష్ణ ఒడ్డున వానాకాలంలో గాలిలో చెమ్మ ఎక్కువ కాబట్టి బీరువాను బయటి గోడకు ఆనించకుండా ఉంచి, పెట్టెలో ఒక సిలికా జెల్ పొట్లం పెట్టి, వానలు వెనకబడ్డాక మార్చండి. కలరా ఉండలు నోటుకు తగలకూడదు.

అమ్మే ఆలోచన ఉంటే

ట్రాక్టరు నోటుకు లక్షలిస్తామనీ, 786 నంబరుకు అంతకన్నా ఎక్కువనీ ఫోన్లో తిరిగే ప్రకటనలను నమ్మవద్దు. ట్రాక్టరు నోట్లు విపరీతంగా అచ్చయ్యాయి, అరుదు కావు. మోసం ఎప్పుడూ ఒకే తీరున నడుస్తుంది. మొదట పెద్ద ధర చెబుతారు. తర్వాత రిజర్వు బ్యాంకు పేరున్న కాగితం పంపి పన్ను, కమిషను, రిజిస్ట్రేషను పేరుతో ముందుగా డబ్బు కట్టమంటారు. పాత నోట్ల లావాదేవీల్లో తాము లేమనీ, ఎవరి దగ్గరా రుసుము తీసుకోమనీ రిజర్వు బ్యాంకు 2021 ఆగస్టులోనే చెప్పింది. కొనేవాడు మీకు డబ్బివ్వాలి. మీ దగ్గర అడిగితే ఫోను పెట్టేయండి.

ధర తేల్చేవి రెండు: ఎంత అరుదు, ఎంత శుభ్రంగా ఉంది. మడత లేని మామూలు నోటు కన్నా నలిగిన అరుదైన నోటు తక్కువకు పోవడం కూడా జరుగుతుంది. పెట్టెలో వందేళ్లు దాటిన నాణేలు కూడా దొరికితే 1972 చట్టం కింద అవి పురావస్తువులు. దేశం బయటికి అమ్మకూడదు.

అమ్మినా అమ్మకపోయినా, ప్రతి నోటుకూ ఒక కవరు పెట్టి, నోటు లోపల పెట్టకముందే కవరు మీద పెన్సిలుతో ఇవి రాయండి: విలువ, నంబరు, సంతకం, మీరు తేల్చిన ఏళ్లు, ఏ గుర్తు చూసి తేల్చారు, ఎవరి పెట్టెలో ఏ రోజున దొరికింది. నోటు లోపల పెట్టాక రాస్తే పెన్సిలు మొన అచ్చు దాని మీద పడుతుంది.